అబిడ్స్ యంత్రానికి నోరు ఇప్పించండి

గౌరవనీయులైన సభ్య కార్యదర్శి గారికి,
తెలంగాణ కాలుష్య నియంత్రణ మండలి,
పర్యావరణ భవన్, సనత్‌నగర్, హైదరాబాద్.



అబిడ్స్‌లో మీ యంత్రం ఒకటి ఉంది. రాత్రీ పగలూ శబ్దాన్ని కొలవడమే దాని పని. 2011లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి ఢిల్లీ, ముంబై, కోల్‌కతా, చెన్నై, బెంగళూరు, లక్నో, హైదరాబాద్ నగరాల్లో ఇలాంటి కేంద్రాలను మొదలుపెట్టింది. తర్వాత అవి నగరానికి 10 చొప్పున 70 అయ్యాయి. మన దగ్గర జూబ్లీహిల్స్, తార్నాకలను నివాస ప్రాంతాలుగా, జూపార్కును నిశ్శబ్ద ప్రాంతంగా, జీడిమెట్లను పారిశ్రామిక ప్రాంతంగా లెక్కగట్టి యంత్రాలు పెట్టారు. అబిడ్స్‌ను వాణిజ్య ప్రాంతం ఖాతాలో వేశారు. నేను రాస్తున్నది ఆ యంత్రం గురించే. అందుకే నగర పోలీసు కమిషనర్ గారి కంటే ముందు మీ తలుపు తడుతున్నాను.

వాణిజ్య ప్రాంతం అన్న మాట దగ్గరే మాకు మొదటి దెబ్బ తగిలింది. చిరాగ్ అలీ లేన్‌లోకో, నాంపల్లి స్టేషన్ రోడ్డు వెనక సందుల్లోకో ఒకసారి వచ్చి తల పైకెత్తి చూడండి. కింద చెప్పుల దుకాణం, సెల్‌ఫోన్ల దుకాణం, జిరాక్స్ సెంటర్. పైన బట్టలు ఆరేసిన తీగలు, తులసి కుండీలు, కిటికీలో నుంచి తొంగిచూసే పిల్లలు. ఇక్కడ పుట్టి ఇక్కడే ముసలివాళ్లయినవాళ్లు ఉన్నారు. శబ్ద కాలుష్య నియమాలు నివాస ప్రాంతానికి పగలు 55, రాత్రి 45 డెసిబెల్స్ హద్దు పెట్టాయి. వాణిజ్య ప్రాంతానికి పగలు 65, రాత్రి 55. చూడటానికి పదే తేడా. డెసిబెల్స్ లెక్క మామూలు కూడికల లెక్క కాదని నాకంటే మీకే బాగా తెలుసు. పది పెరిగితే శబ్ద శక్తి పదింతలవుతుంది. కింద చెప్పుల దుకాణం ఉన్న పాపానికి, పైన పడుకున్న ముసలావిడకు జూబ్లీహిల్స్ ముసలావిడ కంటే పదింతల మోతను చట్టమే రాసిపెట్టింది. ఇళ్లూ దుకాణాలూ కలిసి ఉన్న మిశ్రమ ప్రాంతాన్ని ఆ నాలుగు రకాల్లో ఏ రకంగా ప్రకటించాలో తేల్చే అధికారం ప్రభుత్వం చేతిలోనే ఉంది. అబిడ్స్ విషయంలో ఎవరు తేల్చారో, ఎప్పుడు తేల్చారో తెలియదు, మమ్మల్ని అడిగినవాళ్లు లేరు.

పోనీ, ఆ 65 అయినా మాకు దక్కుతోందా? ఆ సంగతి మీ పట్టికలే చెబుతాయి, ఒక్కసారి తిరగేయండి.

ఆదివారం అబిడ్స్‌కు వస్తే పేవ్‌మెంట్ల మీద పాత పుస్తకాలు పరిచి ఉంటాయి. కాలేజీ పిల్లలు మోకాళ్ల మీద కూర్చుని ఫాంటసీ నవలలు ఏరుకుంటుంటారు. ఆ నవలల్లో ఎక్కడో లేని లోకం, అందులో ఒక శాపపు శబ్దం, అది చెవిన పడ్డవాళ్లు ఒక్కొక్కరే కుప్పకూలిపోవడం. మన జానపద కథల్లో రాక్షసుడు కేక పెడితే ఊరంతా మూర్ఛపోయేది, అదే పద్ధతి. ఆ పిల్లలు పేజీలు తిప్పుతున్నంతసేపూ వెనక నుంచి హారన్లు మోగుతూనే ఉంటాయి. హారన్‌కు చట్టం ఒప్పుకొన్న గరిష్ఠ మోత 112 డెసిబెల్స్. రచయితలు కష్టపడి కల్పించేదాన్ని మనం ఆర్టీఏ రిజిస్ట్రేషన్ నంబరుతో సహా రోడ్డెక్కించాం.

వినికిడి ఎలా పోతుందో ఒక ముక్క చెప్పి ముందుకు వెళ్తాను. మీకు చెప్పక్కర్లేదు గానీ ఇది బహిరంగ లేఖ, మా వీధివాళ్లూ చదువుతారు. లోపలి చెవిలో నత్తగుల్లలా చుట్టుకున్న చిన్న గొట్టం ఉంటుంది. అందులో శబ్దాన్ని పట్టి మెదడుకు చేరవేసే రోమకణాలు ఒక్కో చెవికి దాదాపు 15 వేలు. పుట్టినప్పుడు ఎన్ని ఉన్నాయో అవే. చనిపోయిన కణం మనుషుల్లో మళ్లీ మొలవదు. 85 డెసిబెల్స్ మోతలో రోజుకు 8 గంటలు మించి ఉండకూడదని అమెరికాలో కార్మికుల ఆరోగ్యం చూసే జాతీయ సంస్థ నియోష్ హద్దు పెట్టింది. మూడు డెసిబెల్స్ పెరిగినప్పుడల్లా ఆ సమయం సగానికి పడిపోతుంది. 88కి 4 గంటలు, 91కి 2 గంటలు, అలా లెక్కేసుకుంటూ పోతే 100 దగ్గర మిగిలేది 15 నిమిషాలు. చెవితోనే అయిపోతే సరే అనుకోవచ్చు. రాత్రి నిద్ర తెగిపోతుంది, రక్తపోటు పెరుగుతుంది, గుండె మీద భారం పడుతుంది. మనిషికి మెలకువ రాకపోయినా ఒంటికి మోత తెలుస్తూనే ఉంటుంది. రోడ్ల మోత రాత్రిపూట 45 డెసిబెల్స్ దాటకుండా చూడమని ప్రపంచ ఆరోగ్య సంస్థ యూరప్ దేశాలకు 2018లో సిఫారసు చేసింది. మన నియమాల ప్రకారమే అబిడ్స్‌కు 55.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. వినాయక నిమజ్జనం రోజు పాతబస్తీ నుంచి వచ్చే ఊరేగింపులు మొజంజాహీ మార్కెట్ దగ్గర కలిసి, అబిడ్స్ మీదుగా బషీర్‌బాగ్, లిబర్టీ దాటి ట్యాంక్‌బండ్‌కు వెళ్తాయి. బాలాపూర్ గణేశుడూ ఈ దారినే వస్తాడు. ఆయనంటే మాకు ఎంత ఇష్టమో చెప్పనక్కర్లేదు. మేడల మీద నుంచి పూలు చల్లేవాళ్లం మేమే, దారిలో మంచినీళ్లు పోసేవాళ్లమూ మేమే. మేం దడుచుకునేది విగ్రహం వెనక వచ్చే డీజే బండికి. లారీ నిండా పెట్టెలు, వాటికి జనరేటరు, బాస్ పెట్టెల ముందు ఊగే కుర్రాళ్లు. బండి ఇంకా మార్కెట్ దగ్గర ఉండగానే మా కిటికీ అద్దాలు వణకడం మొదలవుతుంది. గిన్నెల స్టాండులో స్టీలు గ్లాసులు ఒకదానికొకటి తగిలి చప్పుడు చేస్తాయి. బండి ఇంటి ముందుకు వచ్చేసరికి పాట ఏదో తెలియదు, డబ్‌డబ్ మని ఛాతీలో కొట్టుకోవడం ఒక్కటే తెలుస్తుంది. కురుక్షేత్రంలో శంఖనాదానికి ధార్తరాష్ట్రుల గుండెలు పగిలాయని చదివినప్పుడు కవి కాస్త ఎక్కువే చెప్పాడనుకునేవాణ్ని. ఇప్పుడు అలా అనుకోవడం లేదు.

ఇక్కడ మీ యంత్రంతో నాకు గట్టి పేచీ ఉంది. చట్టం హద్దులన్నీ 'ఏ' తూకంలో ఉన్నాయి. అంటే మనిషి చెవి ఏ శబ్దాన్ని ఎంత గట్టిగా వింటుందో దాన్ని బట్టి యంత్రం కొన్నింటిని తగ్గించి లెక్కేస్తుంది. మంద్రంగా ఉండే శబ్దాలు చెవికి తక్కువ వినిపిస్తాయి కాబట్టి వాటికి కోత ఎక్కువ. 50 హెర్ట్జ్ దగ్గర ఆ కోత దాదాపు 30 డెసిబెల్స్. డీజే బండి బాస్ పెట్టెలు దంచేది సరిగ్గా ఆ చుట్టుపక్కలే. ఆ స్వరంలో 110 డెసిబెల్స్ మోత వస్తే 'ఏ' తూకం కాగితం మీద 80 చూపిస్తుంది. అద్దాలను వణికించిన మోతను, ఛాతీలో గుద్దిన మోతను చట్టమే లెక్కలోంచి తీసేస్తోంది. మంద్రస్వరాలను అంతగా కోయని 'సి' తూకం కూడా ఉంది. ఒకే శబ్దాన్ని రెండు తూకాల్లోనూ రాసి, రెండింటి మధ్య తేడా చూస్తే బాస్ ఎంత ఉందో బయటపడుతుంది. చట్టం అడగలేదు కాబట్టి రాయనక్కర్లేదని మీ ఇంజనీర్లు అనవచ్చు. రాయకూడదనీ చట్టం అనలేదు కదా.

నెల సగటులదీ ఇదే కథ. ఉదాహరణకు 29 రాత్రులు 65 డెసిబెల్స్, ఒక్క రాత్రి 95 అనుకుందాం. మామూలు సగటు తీస్తే ఎంత వస్తుంది? 66. ఆ ఒక్క రాత్రి బీపీ పెరిగి ఆస్పత్రికి వెళ్లిన పెద్దాయన ఆ 66లో ఎక్కడున్నాడు? పట్టికలో ఒక అంకె పెరిగిందంతే. పండుగ రాత్రులకు విడిగా, గంటగంటకూ లెక్క వేసి చూపకపోతే ఆ పట్టిక మాకెందుకూ కొరగాదు.

ఇక చట్టం మాతో ఆడే దోబూచులాట. నియమాలు 2000 ఫిబ్రవరి 14న వచ్చాయి. ఏడో నియమం ప్రకారం, మా ప్రాంతానికి పెట్టిన హద్దు కంటే మోత 10 డెసిబెల్స్ ఎక్కువైతే నేను అధికారికి ఫిర్యాదు చేయవచ్చు. అంటే పగలు 75 దాటాలి. దాటిందని నాకెలా తెలుస్తుంది? సెల్‌ఫోన్ యాప్‌లో చూసి చెబితే అది ప్రామాణికం కాదంటారు. ప్రామాణికమైన అంకె మీ యంత్రం కడుపులో ఉంది. నేను దాని పక్క నుంచే కూరగాయల సంచీ పట్టుకుని నడిచిపోతాను, అది నాకు ఏమీ చెప్పదు. రాత్రిపూట ఆంక్షలను ఎవరైనా మీరితే ఈ పది డెసిబెల్స్ షరతు అక్కర్లేదని తర్వాత చేర్చారు, సంతోషం. కానీ నిమజ్జనం ఊరేగింపు పట్టపగలే మొదలవుతుంది. రాత్రి 10 తర్వాత మైకులు మోగకూడదు. ఏడాదికి 15 రోజులకు మించకుండా, పండుగల కోసం అర్ధరాత్రి 12 దాకా సడలింపు ఇచ్చే వీలు రాష్ట్ర ప్రభుత్వానికి ఉంది. 12 తర్వాత సడలింపు ఇచ్చే అధికారం ఎవరికీ లేదు. నిమజ్జనం మర్నాటి దాకా సాగుతుందని నగరంలో చిన్నపిల్లాణ్ని అడిగినా చెబుతాడు.

సుప్రీంకోర్టు 2005 జులై 18న ఇచ్చిన తీర్పు చదివే ఉంటారు. ఆ వ్యాజ్యం వేసినాయన ఢిల్లీలో జరిగిన ఒక ఘోరాన్ని ఎత్తిచూపాడు. అత్యాచారానికి గురవుతున్న బాలిక సాయం కోసం పెట్టిన కేకలు చుట్టుపక్కల మైకుల మోతలో ఎవరికీ వినిపించలేదు. మాట్లాడే హక్కు ఉన్నవాడికి ఇతరుల చెవుల్లో ఆ మాటను బలవంతంగా కుక్కే హక్కు లేదని కోర్టు తేల్చింది. ఇరవై ఏళ్లు గడిచాయి.

నిశ్శబ్ద ప్రాంతాల గురించి రాయాలంటే చేయి వణుకుతుంది. ఆస్పత్రులు, బడులు, న్యాయస్థానాల చుట్టూ కనీసం 100 మీటర్లు నిశ్శబ్ద ప్రాంతంగా ప్రకటించవచ్చని నియమాల్లో ఉంది. పగలు 50, రాత్రి 40 హద్దు. మా చుట్టూ ఏమున్నాయో చూడండి. నాంపల్లిలో క్రిమినల్ కోర్టుల సముదాయం. రెడ్‌హిల్స్‌లో ఎంఎన్‌జే కేన్సర్ ఆస్పత్రి, ఆ దగ్గర్లోనే 1953 నుంచి ఉన్న నీలోఫర్. అబిడ్స్‌లో లిటిల్ ఫ్లవర్, సెయింట్ జార్జెస్ గ్రామర్ స్కూలు, గన్‌ఫౌండ్రీలో రోజరీ కాన్వెంటు. అయితే 2017 ఆగస్టులో కేంద్రం ఒక సవరణ తెచ్చింది. రాష్ట్ర ప్రభుత్వం ప్రత్యేకంగా నోటిఫై చేస్తే తప్ప ఏ చోటూ నిశ్శబ్ద ప్రాంతం కాదట. అంటే ఆస్పత్రి ఉన్నంత మాత్రాన చాలదు, గెజిట్ కాగితం కావాలి. నెలలు నిండకుండా పుట్టిన పసికందులను ఉంచే వార్డుల్లో శబ్దం 45 డెసిబెల్స్ దాటితే ఆందోళన పడాలని అమెరికా శిశువైద్యుల సంఘం 1997లోనే చెప్పింది. మన రాష్ట్రం నలుమూలల నుంచి అలాంటి పసికందులను తెచ్చేది నీలోఫర్‌కే. ఆ కాగితానికి ప్రతిపాదన పంపడంలో మీ మండలికంటే ముందు ఎవరుండాలి చెప్పండి?

నిశ్శబ్ద ప్రాంతంలో హారన్ మోగిస్తే మొదటిసారి వెయ్యి రూపాయలు, ఆ తర్వాత ప్రతిసారీ రెండు వేలు జరిమానా. 2019లో మోటారు వాహనాల చట్టానికి చేర్చిన 194ఎఫ్ సెక్షన్ ఇది. హెల్మెట్ లేదని చలానా వచ్చినవాళ్లు మా వీధిలో ఇంటికొకరున్నారు. హారన్ మోగించినందుకు వచ్చిందని చెప్పినవాళ్లు ఇంతవరకూ నాకు తారసపడలేదు.

ఈ పేటలకు మోత కొత్త కాదన్నది నిజమే. పబ్లిక్ గార్డెన్స్ దాటితే కనబడే నౌబత్ పహాడ్ మీద మొగల్ ఫర్మానాలను నగారాలు మోగించి చాటేవారని చెబుతారు. ఇప్పుడు దాని మీద 1976 నుంచి బిర్లా మందిర్ ఉంది. మన గన్‌ఫౌండ్రీ నిజాం కొలువులోని ఫ్రెంచి సేనాని రేమండ్ 1786లో పెట్టించిన ఫిరంగుల కార్ఖానా. నిజాం దగ్గర పనిచేసిన ఆర్మీనియా వ్యాపారి ఆబిద్ ఇక్కడ పెట్టిన కొట్టు పేరే పేటకు నిలిచింది. కొట్టుకు బేరాలు వచ్చాయి, బేరాలతో జనం, జనంతో మోత. కాంగ్రెస్ గాంధీభవన్, బీజేపీ రాష్ట్ర కార్యాలయం రెండూ నాంపల్లిలోనే కాబట్టి ఎన్నికల ఫలితాల రోజు ఎవరు గెలిచినా టపాసులు కాలేది మా చెవుల పక్కనే. ఈ ఒక్క విషయంలో మాకు పార్టీల మధ్య తేడా కనబడలేదు. 2018లో మెట్రో కూడా వచ్చింది. రైలు మోత సంగతి అటుంచి, నాంపల్లి రోడ్డు నెత్తిన అంత పొడుగునా కాంక్రీటు కప్పు వచ్చి పడింది. కింద హారన్ల రొద ఆ కప్పుకు కొట్టుకుని మళ్లీ కిందికే వస్తోంది. నెత్తిన కప్పు లేని రోడ్డుకూ, ఉన్న రోడ్డుకూ ఒకే లెక్క వేయకండి.

ఇదంతా చదివి, పండుగలంటే పడని మనిషి అనుకునేవాళ్లు ఉంటారు. వాళ్ల కోసం రెండు మాటలు. నాంపల్లి అవతల ఏసీ గార్డ్స్‌లో నిజాం ఆఫ్రికన్ అశ్వదళం సిద్దీల వారసులున్నారు. వాళ్ల మర్ఫా దరువు లేకుండా హైదరాబాద్‌లో ఏ మతం పెళ్లీ రక్తి కట్టదు. తెల్లవారేదాకా విన్నా నాకు విసుగు రాదు. బోనాలప్పుడు డప్పు మోగితే పోతురాజు వెంట నా కాలూ ఆడుతుంది. జనవరి 1 నుంచి నుమాయిష్ మైకులు నాంపల్లి ఎగ్జిబిషన్ గ్రౌండ్స్‌లో తప్పిపోయిన పిల్లల పేర్లు పిలుస్తుంటే మాకు సంక్రాంతి దగ్గరపడినట్టు. డప్పు కొట్టేవాడి చేతులు నొప్పి పుడతాయి, మర్ఫా వాయించేవాడు చాయ్ తాగడానికి ఆగుతాడు. మనిషి ఒంటి శక్తికి ఒక హద్దుంది, దాన్ని దేవుడే పెట్టాడు. డీజిల్ జనరేటరుకు అలసట లేదు. అది గణేశుడి వెనక వస్తుందా, మిలాద్ జులూస్‌లో వస్తుందా, శ్రీరామనవమి శోభాయాత్రలో వస్తుందా అన్నది మా కిటికీ అద్దాలకు తెలియదు.

సౌండ్ సిస్టమ్‌లను అద్దెకిచ్చి బతికేవాళ్ల మాటా ఆలోచించాను. అప్పు చేసి పెట్టెలు కొన్న కుర్రాళ్లు వాళ్లు. వాళ్లను స్టేషన్‌లో కూర్చోబెట్టి పెట్టెలు గుంజుకోవడం వల్ల సమస్య తీరుతుందని నేననుకోను. మోతకు హద్దు పెట్టి, దాన్ని దాటగానే యాంప్లిఫయర్ తనంతట తనే తగ్గే లిమిటర్ బిగించాకే అనుమతి ఇస్తే వాళ్ల బతుకుతెరువు వాళ్లకుంటుంది, మా గుండె మాకుంటుంది. వేడుకల్లో, వేదికల్లో సగటు మోత 15 నిమిషాల లెక్కన 100 డెసిబెల్స్ మించకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022లో ఒక ప్రమాణం ఇచ్చింది. అది టికెట్ కొనుక్కుని ఇష్టపడి లోపలికి వెళ్లినవాళ్లకు. ఇంట్లో మందులు వేసుకుని పడుకున్నవాళ్లకు కాదు.

పోలీసులు ఏమీ చేయలేదనడం అన్యాయం. 2024 అక్టోబరులో నగర పోలీసు కమిషనర్ మతపరమైన ఊరేగింపుల్లో డీజేలను, టపాసులను నిషేధిస్తూ ఉత్తర్వు ఇచ్చారు. అన్ని మతాలకూ ఒకే ఉత్తర్వు, దాన్ని మెచ్చుకోవాల్సిందే. అయితే ఉత్తర్వును అమలు చేసే కానిస్టేబుల్ చేతిలో ఏముంది? ఒక లాఠీ, ఒక వాకీటాకీ, చుట్టూ వేలాది జనం. డీజే పెట్టె ఏది, మామూలు స్పీకరు ఏది అన్న వాదన నడిరోడ్డు మీద తేలదు. అతని దగ్గర ఒక అంకె ఉంటే తేలుతుంది. ఆ అంకె మీ దగ్గరుంది. శబ్ద నియమాల కింద చర్య తీసుకునే అధికారం కలెక్టరుకో, పోలీసు కమిషనర్‌కో, డీఎస్పీ హోదాకు తగ్గని అధికారికో ఉంటుందని నాకు తెలుసు. మీ చేతిలో లాఠీ లేదు. మీకున్న ఆయుధమల్లా ఆ అంకే, దాన్ని మీరు ఒరలోంచి తీయడం లేదు.

ముంబై ట్రాఫిక్ పోలీసులు చేసిన ప్రయోగం గుర్తుందా? ప్రయోగం 2019 చివర్లో చేశారు, దాని వీడియో 2020 జనవరిలో దేశమంతా తిరిగింది. కొన్ని కూడళ్లలో సిగ్నల్ స్తంభాలకు శబ్దమాపకం తగిలించారు. ఎర్రదీపం పడినప్పుడు హారన్ల మోత 85 డెసిబెల్స్ దాటితే సిగ్నల్ గడియారం మళ్లీ మొదటి నుంచి లెక్కపెడుతుంది. ఎంత మోగిస్తే అంతసేపు ఆగాలి. జనం నవ్వుకున్నారు, ఆ నవ్వుల మధ్యే హారన్ మీద నుంచి చేయి తీశారు. నాకు నచ్చింది అందులోని తమాషా కాదు. యంత్రం విన్న వెంటనే రోడ్డు మీద ఏదో ఒకటి జరిగింది. మన యంత్రం ఇన్నేళ్లుగా వింటూనే ఉంది, దాని వల్ల అబిడ్స్ చౌరస్తాలో ఒక్క దీపమూ మారలేదు.

2022లో జూబ్లీహిల్స్ నివాసులు హైకోర్టుకు వెళ్లి, పబ్బుల్లో రాత్రి 10 తర్వాత సంగీతం మోగకుండా మధ్యంతర ఉత్తర్వు తెచ్చుకున్నారు. వాళ్లకు సంఘం ఉంది, వకీళ్లున్నారు. మంచిదే. అబిడ్స్‌లో మేడ మీద అద్దెకుండే గుమాస్తాకు, ఎండలో చౌరస్తాలో నిలబడే హోంగార్డుకు, పేవ్‌మెంట్ మీద పుస్తకాలు అమ్ముకునేవాడికి అంత తీరిక ఎక్కడిది? ఈ ముగ్గురిలో ఎక్కువ నష్టపోతున్నది హోంగార్డు అని నా అభిప్రాయం. మేము కిటికీ మూసుకోగలం, అతను మోత నడుమ నిలబడటానికే జీతం తీసుకుంటున్నాడు. ప్రభుత్వ ఈఎన్‌టీ ఆస్పత్రి కోఠిలోనే ఉంది, అబిడ్స్ నుంచి నడిచి వెళ్లేంత దూరం. ఈ చౌరస్తాల్లో పనిచేసే ట్రాఫిక్ సిబ్బందికి ఏటా అక్కడ వినికిడి పరీక్ష చేయించి, వచ్చిన ఫలితాలను పేర్లు లేకుండా మీ శబ్ద పట్టిక పక్కనే అచ్చువేస్తే డెసిబెల్ అంటే ఏమిటో ఎవరికీ పాఠం చెప్పనక్కర్లేదు.

నేను అడిగేదానికి కొత్త చట్టం అక్కర్లేదు. ఉన్న చట్టం చాలు. పర్యావరణ పరిరక్షణ చట్టం ఉల్లంఘనలకు 2024 ఏప్రిల్ నుంచి జైలు శిక్ష పోయి, 10 వేల నుంచి 15 లక్షల రూపాయల దాకా జరిమానా వచ్చింది. జరిమానాకు రుజువు కావాలి, ఆ రుజువు తయారుచేసే యంత్రం మీదే. అందుకే ముందుగా ఆ యంత్రం వింటున్న అంకె రోడ్డు మీద వెళ్లేవాడికి కనబడాలి. పెద్ద ఎలక్ట్రానిక్ బోర్డు మీద ఎర్రటి అంకెల్లో, పక్కనే చట్టం పెట్టిన హద్దుతో సహా. హద్దును 10 డెసిబెల్స్ దాటిన నిమిషాన ఆ సమాచారం అబిడ్స్, నాంపల్లి పోలీసు స్టేషన్లకు దానంతట అదే చేరాలి, ఎవరూ ఫిర్యాదు రాయనక్కర్లేకుండా. నిమజ్జనం, మిలాద్, శోభాయాత్రల రోజుల్లో మొజంజాహీ మార్కెట్ నుంచి లిబర్టీ దాకా సంచార యంత్రాలతో 'ఏ', 'సి' రెండు తూకాల్లోనూ కొలిచి, వారం తిరక్కుండా గంటలవారీగా ప్రకటించండి. నీలోఫర్, ఎంఎన్‌జే, నాంపల్లి కోర్టులు, అబిడ్స్ బడుల చుట్టూ నిశ్శబ్ద ప్రాంతాలను నోటిఫై చేయమని రాష్ట్ర ప్రభుత్వానికి ప్రతిపాదన పంపండి. పంపిన తేదీని మాకూ చెప్పండి. అబిడ్స్ వాణిజ్య ప్రాంతమేనా, రాత్రిపూటయినా దాన్ని నివాస ప్రాంతంగా చూడవచ్చా అన్నది ఒకసారి ఇక్కడివాళ్లను కూర్చోబెట్టి మాట్లాడండి. చాయ్ ఖర్చు మాది.

ఇన్ని కోరికలకూ డబ్బు లేదని జవాబు వస్తే, మొదటిది ఒక్కటైనా తీర్చండి. వచ్చే వినాయక చవితి లోపల బోర్డు పెట్టించండి. ఎక్కడ పెట్టాలని మీ ఇంజనీర్లు అడిగితే, జీపీఓ ఎదురుగా నెహ్రూ విగ్రహం దగ్గర చోటుంది. నాలుగు దిక్కుల నుంచీ కనబడుతుంది.

ఇట్లు,
అబిడ్స్‌లో మేడ మీద కాపురముండే ఒక పౌరుడు

ప్రతి: హైదరాబాద్ నగర పోలీసు కమిషనర్ గారికి